ఆరు డిస్కులు, ఒక తాబేలు, ఒక అనవసరపు రోబో

మా మేనల్లుడు న్యూజెర్సీ నుంచి కూతురి పుట్టువెంట్రుకలు తీయించడానికి కొండకు వచ్చినప్పుడు నాకు చీర తెస్తాడనుకున్నాను. తెచ్చింది ఆరు డీవీడీలు. "అత్తా, నువ్వు ఇన్నేళ్లు చేసిన పనే ఇది. కాకపోతే అమెరికావాళ్లు చేశారు, చూడు" అన్నాడు. పెట్టె మీద పక్షి ముక్కు శిరస్త్రాణాలు పెట్టుకున్న అయిదుగురు పిల్లల బొమ్మ. పేరు 'బ్యాటిల్ ఆఫ్ ద ప్లానెట్స్', జపాను బొమ్మల ధారావాహికకు అమెరికావాళ్లు ఇంగ్లీషు మాటలు పెట్టిన కార్యక్రమం. పాత వస్తువులు అమ్మేచోట ఆరింటికీ కలిపి ముప్ఫై ఎనిమిది డాలర్లు పెట్టి కొన్నాడట. ఆ డబ్బుకు వెంకటగిరి చీర రాకపోయినా మామూలు నేత చీర వచ్చి ఉండేదని మనసులో అనుకుని డిస్కులు బీరువాలో పెట్టాను.

నా పని గురించి ఒక మాట చెప్పాలి, లేకపోతే ఈ సమీక్ష ఎందుకు రాస్తున్నానో అర్థం కాదు. చెన్నై సాలిగ్రామంలో ఇరవై రెండేళ్లు డబ్బింగ్ చెప్పాను. నా గొంతు సన్నం. అందుకని కథానాయికలకు పిలవలేదు, చిన్నపిల్లలకు పిలిచారు. అందులోనూ మగపిల్లలకు. నిజమైన పిల్లవాడితో చెప్పిస్తే సీరియల్ సగంలో ఉండగానే వాడి గొంతు మారిపోతుంది. నాది మారదు. నలభై ఆరేళ్ల వయసులో కూడా ఎనిమిదేళ్ల అల్లరివాడికి చెప్పాను. గొంతు వెనక మనిషి కనిపించడు కదా. 'అన్నమయ్య' సినిమాలో వేంకటేశ్వరుడి మాటలు సుమన్ గారివే అనుకునేవాళ్లు ఈ తిరుపతిలోనే నాకు చాలామంది తగిలారు. ఆ గొంతు బాలసుబ్రహ్మణ్యం గారిది, దానికి ఆయనకు నంది పురస్కారం కూడా వచ్చింది. ఆయన అంతటివారికే అలా జరిగితే నాకు ఎవరు చప్పట్లు కొడతారు?

డిస్కులు బీరువాలోంచి బయటికి రావడానికి కారణం వేసవి సెలవులకు వచ్చిన మనవడు. తొమ్మిదేళ్లవాడు. పక్షి ముక్కులు చూడగానే పెట్టమన్నాడు. పెట్టాను. మా ప్లేయర్ డిస్కును మింగి, కాసేపు గిరగిర తిప్పి, తెర మీద ఒక హెచ్చరిక చూపించి బయటికి నెట్టేసింది. సంగతి ఏమిటంటే డీవీడీలకు ప్రాంతాల లెక్క ఉంది. అమెరికాది 1, జపానుది 2, మనది 5. ఒకటో ప్రాంతం డిస్కు అయిదో ప్రాంతం యంత్రంలో ఆడదు. సినిమాకు నైజాం (తెలంగాణ) హక్కులు కొన్నవాడు సీడెడ్ (రాయలసీమ)లో బొమ్మ వేసుకోకూడదు చూడండి, ఆ సూత్రాన్నే యంత్రంలో బిగించారన్నమాట.

గాంధీ రోడ్డు నుంచి లోపలికి వెళ్లే ఒక సందులో రేడియోలు, మిక్సీలు బాగుచేసే చిన్న దుకాణం ఉంది. పేరు రాయను, ఎందుకంటే ఆ కుర్రవాడు చేసినది కంపెనీలు ఒప్పుకునే పనో కాదో నాకు తెలియదు. ట్రే తెరిచి, రిమోట్ మీద ఏవో నాలుగు అంకెలు నొక్కి, దాగి ఉన్న ఒక మెనూ పైకి తెచ్చి, 5 ఉన్నచోట సున్నా పెట్టాడు. అయిదు నిమిషాల పని. మూడు వందలు తీసుకున్నాడు. "అయిదు నిమిషాలకు మూడు వందలా నాయనా?" అంటే, "అంకెలు తెలుసుకోవడానికి ఆరేళ్లు పట్టింది మేడమ్" అన్నాడు. నా డబ్బింగ్ రోజుల్లో నిర్మాత దగ్గర నేను ఈ మాట అనలేకపోయానే అనిపించి బేరం ఆడకుండా ఇచ్చాను.

ఇంటికి వచ్చి పెడితే బొమ్మ నలుపు తెలుపులో వచ్చింది. మనవడు ఏడుపు ముఖం పెట్టాడు. అమెరికా, జపాను వాడేది ఎన్‌టీఎస్‌సీ పద్ధతి, మన పాత టీవీలది పాల్ పద్ధతి. టీవీ మెనూలో రంగుల పద్ధతిని 'ఆటో'కు మార్చితే సరిపోయింది. ఎవరైనా విదేశీ డిస్కులు కొనే ఆలోచనలో ఉంటే ఈ రెండు చిక్కులూ ముందే గుర్తు పెట్టుకోండి.

ఇక సరుకు సంగతి. ప్రతి డిస్కులో 'బ్యాటిల్ ఆఫ్ ద ప్లానెట్స్' భాగాలు రెండు ఉంటాయి. వాటికి మూలమైన జపాను భాగాలు రెండూ ఇంగ్లీషు ఉపశీర్షికలతో పక్కనే ఉంటాయి. 1986లో అదే బొమ్మలకు మళ్లీ కొత్తగా మాటలు రాసి చెప్పించిన 'జి-ఫోర్స్' భాగం కూడా ఒకటి ఉంటుంది. ఒకే కథ, మూడు గొంతులు. మామూలు ప్రేక్షకుడికి ఇది చాదస్తంగా కనిపించవచ్చు. నాలాంటిదానికి మాత్రం విందు. వంటింట్లో నిలబడి వంటవాడు ఏం వేశాడో, ఏం తీసేశాడో గిన్నె గిన్నెకూ మూత తీసి చూసినట్లు ఉంది.

మూలం పేరు 'గాచామన్'. జపానులో తత్సునోకో అనే సంస్థ తీసింది. 1972 అక్టోబరు నుంచి 1974 సెప్టెంబరు దాకా 105 భాగాలు వచ్చాయి. దాన్ని అమెరికాకు తెచ్చినవాడు సాండీ ఫ్రాంక్. ఆయన బొమ్మలు గీసినవాడు కాదు, కథలు రాసినవాడు కాదు. మన మాటల్లో చెప్పాలంటే బయ్యర్. కార్యక్రమాన్ని కొని, ఊరూరా ఉన్న టీవీ కేంద్రాలకు విడివిడిగా అమ్ముకునే వ్యాపారి. అమెరికాలో 1971లో ఒక నిబంధన అమలులోకి వచ్చింది. యాభై పెద్ద నగరాల్లో సాయంత్రం ముఖ్య సమయంలో పెద్ద నెట్‌వర్కులు మూడు గంటలకు మించి తమ కార్యక్రమాలు ఇవ్వకూడదని. మిగిలిన సమయం నింపుకోవడానికి స్థానిక కేంద్రాలకు సరుకు కావలసి వచ్చింది. అదిగో, ఆ ఖాళీలోనే ఫ్రాంక్ లాంటివాళ్ల వ్యాపారం పండింది. పాటలోని మొదటి స్వరాలు విని పాట పేరు చెప్పే పోటీని ఊరూరికీ అమ్మాడు. తర్వాత 1980లో అలాంటిదే ఇంకొకటి సొంతంగా తయారు చేశాడు, దానికి వ్యాఖ్యాత టీవీలో టార్జాన్ వేషం వేసిన రాన్ ఈలీ. టార్జాన్ వచ్చి పాటల పోటీ నడపడం ఏమిటో, చూడలేదు కాబట్టి ఏమీ అనను.

1977 ఏప్రిల్‌లో ఫ్రాన్సులోని కాన్స్‌లో జరిగిన టెలివిజన్ సంతలో ఫ్రాంక్ కంట 'గాచామన్' పడింది. మే నెలలో 'స్టార్ వార్స్' విడుదలై జనం ఎగబడ్డారు. అంతరిక్షం అంటే కాసులు రాలుతున్న సమయం. అమ్మకందారుడికి ఇంతకంటే మంచి శకునం ఏముంటుంది? ఒకే ఒక చిక్కు: 'గాచామన్' కథ అంతరిక్షంలో జరగదు, ఈ భూమి మీదే జరుగుతుంది. అయితేనేం, మాటలు మన చేతిలోనే ఉన్నాయి కదా! నౌక నక్షత్రాల మధ్య ఎగురుతున్న బొమ్మ ఒకటి మధ్య మధ్య అతికించి, "ఇది ఫలానా గ్రహం" అనిపించారు. అక్కడ చూస్తే మామూలు ఊళ్లు, రోడ్లు, సముద్రాలు. మా మనవడే రెండో భాగంలో అడిగాడు: "అమ్మమ్మా, ఆ గ్రహంలో కూడా కార్లకు నాలుగు చక్రాలేనా?"

మొదటి భాగంలో శత్రువుల ఆయుధం తాబేలు ఆకారంలో ఉన్న పెద్ద యంత్రం. "కూర్మావతారం చెడ్డవాళ్ల పక్షాన చేరిందేమిటి?" అని వాడి రెండో సందేహం. దానికి నా దగ్గర జవాబు లేదు.

అసలు మార్పు గ్రహాలది కాదు. ఆ రోజుల్లో అమెరికాలో పిల్లల కార్యక్రమాల్లో హింస తగ్గించాలని తల్లిదండ్రుల సంఘాలు గట్టిగా పట్టుబడుతున్నాయి. జపాను మూలంలోనేమో మనుషులు చనిపోతారు, పిల్లలు అనాథలవుతారు, వీరులకు కోపం వచ్చి పళ్లు కొరుకుతారు. అమ్మాలంటే అవన్నీ కోయాలి. కోశారు. కోస్తే భాగం నిడివి తగ్గింది. తగ్గినచోట నింపడానికి సెవెన్-జార్క్-సెవెన్ అని ఒక రోబోను కొత్తగా గీయించారు. సముద్రం అడుగున ఒక గదిలో కూర్చుని, తెర మీద మనం చూస్తున్నదే మనకు మళ్లీ చెబుతూ ఉంటాడు. నగరం కూలిపోతుంటే "జనాన్ని ముందే ఖాళీ చేయించాం" లాంటి మాట వస్తుంది. శత్రు సైనికులు పడిపోతే వాళ్లు రోబోలని సర్దిచెబుతారు. రోబోకు తోడుగా ఒక రోబో కుక్క. చెప్పొద్దూ, ఆ కుక్క నాకు నచ్చింది.

జార్క్ గీతకూ మిగతా బొమ్మల గీతకూ పొత్తు లేదు. పట్టుచీరకు పాలిస్టర్ అంచు కుట్టినట్లుంది. కానీ ఆ గొంతు! జార్క్‌కు, జట్టులోని చిన్నవాడు కీయాప్‌కు కూడా చెప్పినవాడు ఆలన్ యంగ్. ఈయనే తర్వాత 'డక్ టేల్స్'లో స్క్రూజ్ బాతుకు గొంతు ఇచ్చాడు. మన దూరదర్శన్‌లో ఆదివారాలు ఆ బాతు హిందీలో మాట్లాడేది కాబట్టి ఆయన గొంతు మనదాకా రాలేదు. కీయాప్ మాట్లాడే ముందు ఏవో చిలకపలుకులు, గుడగుడలు, కీచుకీచులు చేస్తాడు. పాత్రను ముద్దుగా చేయడానికి పెట్టిన ఆ చప్పుళ్లు నాకు రెండు భాగాల తర్వాత తలనొప్పి తెప్పించాయి. కానీ ఆ పనిలో ఎంత కష్టం ఉందో తెలుసు. బొమ్మ పెదవులు ఆరుసార్లు కదిలితే మాట మూడు అక్షరాలే ఉంటుంది. మిగిలిన మూడు కదలికలను ఏదో ఒకదానితో పూడ్చాలి. మేమైతే "అవునూ", "అది కాదూ", "ఇదిగో చూడూ" అని దీర్ఘాలు తీసేవాళ్లం. తెలుగు డబ్బింగ్‌లో పాత్రలన్నీ వాక్యానికొకసారి "అది సరే కానీ" అంటాయని వెక్కిరించేవాళ్లకు ఇప్పుడైనా రహస్యం తెలిసిందనుకుంటాను. నాయకుడు మార్క్‌కు కేసీ కేసమ్, అమ్మాయికి జానెట్ వాల్డో చెప్పారు. ఇద్దరివీ శుభ్రమైన గొంతులు. సంగీతం హోయ్ట్ కర్టిన్ కొత్తగా కట్టాడు. బాకాలు గట్టిగా ఊదిస్తాడు, వినడానికి హుషారుగా ఉంటుంది. ఈ ఒక్క విషయంలో దిగుమతిదారుడికి పూర్తి మార్కులు వేస్తాను.

ప్రతినాయకుడి సంగతి ఇంకా తమాషా. మూలంలో కాట్సే అనే ఆ పాత్ర మగరూపంలోనూ ఆడరూపంలోనూ కనిపిస్తుంది. అదే ఆ పాత్ర గుట్టు. అమెరికా పిల్లలకు అది ఎలా చెప్పాలో తెలియక, పేరు జోల్టార్ అని మార్చి, ఆడరూపంలో కనిపించినప్పుడు "ఈమె జోల్టార్ చెల్లెలు" అనేశారు. అర్ధనారీశ్వరుణ్ణి చూస్తూ పెరిగిన మన పిల్లలకు చెల్లెలి అవసరమే ఉండేది కాదు. శ్రీకాళహస్తి ఇక్కడికి ముప్ఫై అయిదు కిలోమీటర్లే కదా.

ఇలా ఎంచుకుంటూ పోతే ఫ్రాంక్‌ను తిట్టడం చాలా తేలిక. అమెరికాలో తిట్టినవాళ్లు బోలెడుమంది. ఆయన దిగుమతి చేసిన జపాను సినిమాలను, ముఖ్యంగా గామెరా అనే రాక్షస తాబేలు చిత్రాలను (మళ్లీ తాబేలే!), తెర ముందు కూర్చుని వెటకారం చేసే ఒక టీవీ కార్యక్రమం చాలా ఏళ్లు నవ్వులాటగా వాడుకుంది. ఆయన మీద ఏకంగా ఒక పాటే కట్టింది. వాళ్ల చేతికి చిక్కినవాటిలో ఒకటి కోతుల రాజ్యం కథ. జపానులో 26 భాగాల ధారావాహిక అది. దాన్ని కత్తిరించి, కుట్టి, ఒకే సినిమా చేసి అమ్మారు. ఇరవై ఆరు రోజుల హరికథను గంటన్నరలో ముగిస్తే ఎవరు ఎవరికి కొడుకో ఎలా తెలుస్తుంది?

అయినా నేను తిట్టలేను. కారణం చెబుతాను. ఒక పిల్లల ఛానల్ కోసం తూర్పు దేశపు బొమ్మల ధారావాహికకు తెలుగు చెబుతున్న రోజులు. అందులో నా పిల్లవాడి తాత చనిపోతాడు. రచయిత కాగితం మీద "తాతయ్య చచ్చిపోయాడా?" అని రాశాడు. ఆ మాట వద్దని పైనుంచి కబురు. "తాతయ్య ఊరెళ్లాడా?" అని మార్చారు. తెర మీద పిల్లవాడు మంచం పక్కన కూర్చుని వెక్కివెక్కి ఏడుస్తున్నాడు, గొంతులో నేను ఊరెళ్లాడా అంటున్నాను. ఊరెళితే ఇంత ఏడుపు ఎందుకని ఏ పిల్లవాడికైనా అనుమానం రాదా? అడగలేదు. టేకు ఓకే అయింది, ఆ రోజు కూలి తీసుకుని బస్సెక్కాను. ఫ్రాంక్ పెద్ద ఎత్తున చేసిన పనే నేను చిల్లరగా చేశాను. అంతే తేడా.

డబ్బింగ్ అంటే చిన్నచూపు మన దగ్గర ఎప్పటినుంచో ఉంది. తెలుగులోకి వచ్చిన తొలి అనువాద చిత్రం 1950 నాటి 'ఆహుతి'. దానికి మాటలూ పాటలూ రాసినది శ్రీశ్రీ. మహాకవి పెదవుల కదలిక చూసి మాట కూర్చిన చోట మనకెందుకు నామోషీ? తర్వాత రోజుల్లో డబ్బింగ్ సీరియళ్లు తమ పొట్ట కొడుతున్నాయని హైదరాబాదు బుల్లితెర కళాకారులు ధర్నాలు చేశారు. వాళ్ల బాధ నిజమే. వాళ్లు వద్దన్న ఆ సీరియళ్లే మాకు అన్నం పెట్టాయన్నదీ నిజమే. ఈ తగవు తీర్చడం నా వల్ల కాదు, డిస్కుల దగ్గరికి వస్తాను.

మూడింటిలో ఏది చూడాలి? 'జి-ఫోర్స్' మూలానికి దగ్గరగా ఉంటుంది, జార్క్ గోల లేదు. కానీ గొంతులు చప్పగా ఉన్నాయి, గుమస్తా లెక్కలు చదివినట్లు. 'బ్యాటిల్' అబద్ధాలు చెబుతుంది కానీ ఉత్సాహంగా చెబుతుంది. మూలం అన్నిటికంటే మేలు. అందులో జపాను నటుల అరుపుల్లో గొంతు చీరుకుపోయే నిజమైన బాధ ఉంది, అది నాకు భాష తెలియకుండానే అర్థమైంది. అయితే ఉపశీర్షికలు తొమ్మిదేళ్లవాడికి అందని వేగంతో పరుగెత్తుతాయి. వాడు రిమోట్ నా చేతిలో పెట్టి, "నువ్వు తెలుగులో చెప్పు అమ్మమ్మా, నీ పని అదే కదా" అన్నాడు.

మైకు లేదు, కాగితం లేదు, ఇంగ్లీషు అక్షరాలు చదివి అక్కడికక్కడే చెప్పడం. మొదటి అయిదు నిమిషాలు తడబడ్డాను. తర్వాత పాత అలవాటు వచ్చి కూర్చుంది. చిన్నవాడికి నా పాత అల్లరి గొంతు, నాయకుడికి బొంగురు గొంతు, కాట్సేకు మా ఇంటి యజమానురాలి గొంతు. పైవాటాలో ఆవిడకు వినిపించకూడదని కిటికీ మూశాను. ఒకచోట ఆకుపచ్చ దుస్తుల సైనికులు కుప్పకూలారు. మనవడు నా ముఖంలోకి చూశాడు. "వాళ్లకేమైంది?" నోట్లోకి "నిద్రపోయారు" అనే మాట దానంతట అదే వచ్చింది. మింగేసి, "చచ్చిపోయారు" అన్నాను. వాడు "ఊ, తర్వాత?" అన్నాడు, మరమరాల డబ్బా దగ్గరికి లాక్కుంటూ.

సరుకులో లోపాలు లేకపోలేదు. అమెరికా భాగాల బొమ్మ బాగా పాతబడి ఉంది, రంగులు వెలిసిపోయి కొన్నిచోట్ల గీతలు కనిపిస్తాయి. మూలం బొమ్మ అంతకంటే నయం. 85 భాగాల అమెరికా ధారావాహికలో ఈ ఆరు డిస్కులకు దక్కింది పన్నెండే. అంటే కథ ఆకలి పుట్టించి విస్తరి ఎత్తేస్తుంది. జపానులో వచ్చిన 105లో ఇరవై భాగాల తేడా ఎక్కడ మాయమైందో ఈ డిస్కుల్లో ఎవరూ చెప్పరు. 'గాచామన్'ను మొదలుపెట్టిన తత్సువో యోషిదా 1977 సెప్టెంబరులోనే నలభై అయిదేళ్లకు పోయాడు. తన పిల్లలు అమెరికాలో ఏ భాష మాట్లాడారో వినలేదు. ఈ సంగతి కూడా పెట్టె మీద ఎక్కడా లేదు, మేనల్లుడు ఫోనులో చెప్పాడు.

ప్రాంతం తాళం తీసిన ప్లేయరు, కాస్త ఓపిక, పక్కన ప్రశ్నలు వేసే పిల్లవాడు ఉంటే కొనండి. కేవలం కథ కోసమైతే వద్దు. అయిదుకు మూడున్నర ఇస్తున్నాను. అర మార్కు ఆ కుక్కకు.

గాంధీ రోడ్డు కుర్రవాడికి ధన్యవాదాలు చెప్పడానికి వెళ్తే, తన కూతురికి చూపిస్తానని ఒక డిస్కు అడిగాడు. సోమవారం లోపల ఇచ్చేయాలని షరతు పెట్టి మూడోది ఇచ్చాను. రెండు సోమవారాలు అయ్యాయి.